ఐదు శ్రుతికి రవ్వంత పైన

మా వీధి మలుపులో కిందటి నెల కొత్త ట్రాన్స్‌ఫార్మర్ పెట్టారు. పెట్టిన నాటి నుంచి వీధికి వీధి ఒకటే గోల. రాత్రింబవళ్లు గుయ్యిమంటోందట, పిల్లలకు చదువు ఎక్కడం లేదట, ఎదురింటి ఆయనకు రక్తపోటు పెరిగిందట. దాన్ని అక్కడి నుంచి తీయించాలని అర్జీ రాసి, ఇంటింటికీ తిరిగి సంతకాలు పెట్టించుకుంటూ నా దగ్గరికీ వచ్చారు. నేను పెట్టనన్నాను. అది మంచి శ్రుతిలో ఉంది, దాని మానాన దాన్ని ఉండనీయండి అన్నాను. ముసలావిడకు మతి చలించిందని గొణుక్కుంటూ పోయారు. అనుకోనీ. ఈ వయసులో నాకు కొత్తగా పోయే పరువేమీ లేదు.

ఆ మాట నా సొంతం కాదు. ఆ చెవిని నాకు ఇచ్చిన మనిషి ఒకాయన ఉండేవాడు. ప్రొద్దుటూరులో మైకుసెట్టు అద్దెకిచ్చేవాడు. పేరు రాయను. రాసినా ఎవరికీ తెలియదు, ఆయన్ని పేరు పెట్టి పిలిచినవాళ్లను నేను చూడలేదు. అందరికీ 'మైకాయప్ప'. పోయి రెండేళ్లయిందని మొన్న ఆయన సొంతూరి వైపు, ముద్దనూరు నుంచి వచ్చినవాళ్లెవరో మాటల్లో అన్నారు. ఆ పూట నాకు అన్నం సయించలేదు. ఆ రోజుల్లో ఆయన్ని నేను 'నువ్వు' అనేదాన్ని. ఇప్పుడు 'ఆయన' అని రాస్తుంటే మా మేనకోడలు తొంగి చూసి, పోయాక మర్యాద పెరిగిందే అత్తా అని ఎగతాళి చేస్తోంది. నిజమే, పెరిగింది. ఉన్నప్పుడు ఇవ్వాల్సింది ఇవ్వలేదు కాబట్టి పెరిగింది.

ఆంధ్ర రాష్ట్రం ఏర్పడిన కొత్తలో నేను ప్రొద్దుటూరు ఆడపిల్లల బడిలో సంగీతం టీచరును. మా ఆయన ఒక ఆఫీసులో గుమాస్తా. ఆయనకు కీర్తనా ఒకటే, సైకిలు బెల్లూ ఒకటే. మా అన్న జమ్మలమడుగులో గుడి పూజారి. నాకు సంగీతం నేర్పింది అన్నే. శ్రుతి తల్లి, లయ తండ్రి అని రోజుకు పదిసార్లు చెప్పేవాడు. గొంతు జారితే తాళం వేస్తున్న చేత్తోనే నెత్తిన మొట్టికాయ వేసేవాడు. ఆ మొట్టికాయల పుణ్యమా అని నా శ్రుతి మీద నాకు ఎక్కడలేని గర్వం ఉండేది. ఈమె పాట ఎలా ఉన్నా శ్రుతి మాత్రం తప్పదు అనేవారు ఎరిగినవాళ్లు. అది పొగడ్తేనని నేను చాలాకాలం అనుకున్నాను.

బడి వార్షికోత్సవం నాడు ప్రార్థన పాడాలి. తంబూరాను ఐదున్నర శ్రుతికి సరిచేసుకుంటున్నాను. ఎప్పుడూ నా శ్రుతి అదే. గోడ మీద హారను కట్టి, యాంప్లిఫయరు పెట్టె మీట వేసి, నా ముందు మైకు నిలబెట్టిన మనిషి పోకుండా అక్కడే ఉన్నాడు. సన్నగా, పొడుగ్గా, మెడ ఒకపక్కకు వాల్చి.

"టీచరమ్మా, అయిదున్నర వద్దు. అయిదుకు రాండి. అయిదుకు రవ్వంత పైన" అన్నాడు.

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. మైకులు కట్టేవాడు సంగీతం టీచరుకు శ్రుతి చెప్పడమా! నీ పని నువ్వు చూసుకో అప్పా అన్నాను. ఆయన కోపం తెచ్చుకోలేదు. పెట్టెలో గుయ్యిమని ఒక సద్దు ఎప్పుడూ ఉంటుందనీ, అది కరెంటు సద్దనీ, ప్రొద్దుటూరులో ఏ పెట్టె పెట్టినా, ఏ స్తంభానికి చెవి ఆనించినా అదే సుతిలో మోగుతుందనీ, దానికి అర మెట్టు పైన పాడితే రెండూ కొట్లాడుకుంటాయనీ నెమ్మదిగా చెప్పి పక్కకు తప్పుకున్నాడు.

నేను పంతానికి ఐదున్నరలోనే ఎత్తుకున్నాను. అంతకుముందు ఎన్నోసార్లు మైకులో పాడి ఉంటాను, ఆ సద్దు నాకు ఏనాడూ వినపడలేదు. ఆ రోజు అది తప్ప ఇంకేమీ వినపడలేదు. అన్నంలో రాయి తగిలినట్టు ప్రతి స్వరం కిందా కలుక్కుమంది. ఎలాగో ప్రార్థన ముగించి, తీగ జారిందని అబద్ధం చెప్పి, రెండో పాటకు తంబూరాను ఆయన చెప్పిన చోటికి దించాను. సద్దు మాయమైంది. మాయం కావడమంటే పోవడం కాదు, నా గొంతు కింద ఇంకో తంబూరాలా పరుచుకుంది. సభ అయ్యాక వైరును మోచేతికి చుట్టుకుంటూ, ఇప్పుడు నిద్రపోయింది చూడండి అని మాత్రం అన్నాడు. బాగుందని ఒక్క మాట నేను అనలేదు. అంటే నా సొమ్మేం పోయేదో తెలియదు.

ఆ తర్వాత మా ఇంటికి వస్తూ పోతూ ఉండేవాడు. వాకిట్లో అరుగు మీదే కూర్చునేవాడు, లోపలికి రమ్మన్నా రాడు. కాఫీ ఇస్తే తాగే ముందు గ్లాసును గోటితో కొట్టి వినేవాడు. సగం తాగి మళ్లీ కొట్టేవాడు. రెండు మోతలకూ ఎంత తేడా ఉందో చేతి వేళ్ల మీద కొలిచి చూపించేవాడు. మా బిందెలు, చెంబులు, ఇత్తడి పళ్లేలు, ఆఖరికి మా ఆయన టిఫిను క్యారియరు, దేన్నీ వదల్లేదు. దోవలో కరెంటు స్తంభం కనపడితే సైకిలు దిగి చెవి ఆనించేవాడు. షాకు కొట్టి చస్తావని జనం కేకలేస్తే నవ్వి మళ్లీ సైకిలెక్కేవాడు.

ఈ చెవి పిచ్చి గొర్రెల దగ్గర మొదలైందట. ముద్దనూరు పక్క పల్లెలో వాళ్లది గొర్రెలు కాసే ఇల్లు. ఏ గొర్రె మెడలో ఏ గంట ఉందో, పొదల చాటున ఏది ఎటు పోతోందో కళ్లు మూసుకుని చెప్పేవాడట. రైలుకట్ట పక్కన మేపుతూ టెలిగ్రాఫ్ స్తంభానికి చెవి పెట్టి గాలికి తీగలు పాడే పాట వింటుంటే, మంద పోయి ఎవరి జొన్నచేలోనో పడిందనీ, ఆనాడు తిన్న దెబ్బలు మరిచాడు గానీ ఆ పాట మరవలేదనీ చెప్పేవాడు. తర్వాత టూరింగ్ టాకీసులో చేరి యాంప్లిఫయరు పని నేర్చుకున్నాడు. ఇక ఆయన్ని పట్టేవాళ్లు లేకపోయారు.

మైకు హారనుకు ఎదురుగా పోతే కూత పెడుతుంది కదా, అందరూ చెవులు మూసుకుని మైకువాణ్ణి తిట్టే కూత. దాన్ని ఆయన కావాలని పుట్టించేవాడు. మైకు మూతిని దోసిట్లో పట్టుకుని, దోసిలి మూస్తూ తెరుస్తూ ఆ కూతను పైకీ కిందికీ నడిపించి, రెండు మూడు స్వరాలు తేటగా పలికించేవాడు. పెళ్లి భోజనాలప్పుడు, రికార్డు మార్చే సందులో ఈ పని పెట్టుకునేవాడు. వీరపునాయునిపల్లెలో ఒక పెళ్లికూతురి తండ్రి, శుభమా అని పెళ్లి చేసుకుంటాంటే ఈ నక్కకూతలేంది రా అని చెప్పు తీసుకుని వెంటపడ్డాడట. ఆ కథ ఆయనే మా అరుగు మీద కూర్చుని చెప్పి, కూత మాత్రం శానా బాగొచ్చింది టీచరమ్మా అని ముగించాడు. మా ఆయన పడీ పడీ నవ్వాడు. నేనూ నవ్వాను. ఆయన నవ్వలేదు.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన కొన్నాళ్లకు తన వంతు గొర్రెలన్నీ అమ్మేసి, మద్రాసు పోయి టేపు రికార్డరు తెచ్చుకున్నాడు. పెట్టెతో పాటు వచ్చిన టేపు చుట్ట ఒకటే. ఇంకొకటి కొనే శక్తి లేదు. గొర్రెల్నిచ్చి గోల కొనుక్కున్నాడని వాళ్ల ఊరు ఊరంతా నవ్వింది. తల్లి మాట్లాడటం మానేసింది. ఆయన పెట్టెను బొంతలో చుట్టి, సైకిలు వెనక కట్టుకుని, మిల్లుల వెంటా బావుల వెంటా తిరిగాడు.

ఆ ఒక్క చుట్ట మీద ఆయన ఒక పాట కట్టాడు. పాట అనేది ఆయన మాట. అడుగున కరెంటు సద్దు, దాని మీద గొర్రె గంటలు, ఆ పైన పత్తి మిల్లు యంత్రం దడదడ, పెద్ద కాగులో మైకు వేలాడదీసి నీళ్లు పోసిన చప్పుడు. పాతది చెరగకుండా దాని మీదే కొత్తది ఎక్కించే కిటుకు ఏదో కనిపెట్టాడు. అన్నీ ఆ ఐదుకు రవ్వంత పైన ఉండే శ్రుతికే కలిపాడు. కాగులో ఎంత నీళ్లు పోస్తే ఆ శ్రుతి పలుకుతుందో లోటాలతో పోసి తీసి పోసి చూసేవాడు, పొద్దంతా. ఆఖరున నా గొంతు కావాలన్నాడు. ఊరి బయట ఒక మోటారు బావి ఉంది. ఎండాకాలం నీళ్లు అడుగంటి ఉన్నాయి. మోటారు స్విచ్చి దగ్గర పెట్టెకు కరెంటు కలిపి, బావి గోడ మీద నుంచి వంగి ఊరికే అకారం పాడమన్నాడు. మా ఆయన గొడుగు పట్టుకుని పక్కన నిలబడ్డాడు. నా గొంతు బావిలోకి దిగి, నాకంటే పెద్ద మనిషెవరో పాడుతున్నట్టు పైకి వచ్చింది. దాన్ని ఆయన పట్టుకున్నాడు. ఇక సభ దొరికినప్పుడు ఆ టేపు తిరుగుతుంటే, టేపులోని నా గొంతుతో కలిసి నేను ఎదురుగా నిలబడి పాడాలి.

అరుగు మీద మొదటిసారి అంతా వినిపించాడు. పది పన్నెండు నిమిషాలు. నాకు ఒళ్లు జలదరించింది. ఆయన నా ముఖమే చూస్తూ అడిగాడు.

"ఇది సంగీతమేనా టీచరమ్మా?"

అవునని నాకు తెలుసు. నాకేం తెలుసప్పా, పెద్దవాళ్లు చెప్పాలి అన్నాను. ఆయన తల ఊపాడు. ఊళ్లో వాళ్లంతా గోల అంటున్నారనీ, వాళ్ల మాట లెక్క లేదనీ, సంగీతం తెలిసినవాళ్లు ఒక్కరు, ఒకే ఒక్కరు ఇది సంగీతమే అంటే తనకు చాలనీ అన్నాడు. వాళ్లు కూడా కాదంటే ఈ పని చాలించి పెళ్లిళ్లకు సినిమా పాటలు వేసుకుంటూ బతుకుతానన్నాడు. మామూలుగా అన్నాడు గానీ, ఆ మనిషి ఒక మాట అంటే దాని మీదే నిలబడతాడని నాకు తెలుసు.

ఆ ఒక్కరు రాబోతున్నారని రెండు నెలలకు కబురొచ్చింది. పులివెందులలో ఒక హైస్కూలు వార్షికోత్సవానికి రేడియో ఆఫీసరు ముఖ్య అతిథి. స్వయంగా గొప్ప విద్వాంసుడు, కోస్తా మనిషి. ఆ సభలో పాడినవాళ్లలో నచ్చినవాళ్లకు రేడియోలో అవకాశం ఇస్తారన్నారు. పాడటానికి నన్ను పిలిచారు. నా పాటలు రెండు కాగానే తన పాట పెట్టాలని మైకాయప్ప అడిగాడు. సరేనన్నాను. నాకూ రేడియోలో పాడాలని ఉంది, ఆ మాట దాచుకోవడం దేనికి? రేడియోలో పేరు చదివి పాడించడమంటే ఆ రోజుల్లో మాకు కిరీటం పెట్టినట్టే.

మా అన్న ఒప్పుకోందే నేను యంత్రంతో పాడలేను. మా ఆయనతో కలిసి ముగ్గురం బస్సెక్కి జమ్మలమడుగు పోయాం. గుడి ముందు మా అన్న ఆయన్ని పైనుంచి కిందికి చూసి, లోపలికి పోయి గంట కొట్టి వచ్చాడు. ఏం వినపడిందని అడిగాడు. మోత చివర రెండుగా చీలుతోంది సామీ, గంటకు లోపల పగులు ఉండాది అన్నాడు ఆయన. దించి చూస్తే అంచు దగ్గర వెంట్రుకంత చీలిక ఉంది. మా అన్న ఆ చీలికను వేలితో తడిమి చూశాడు. తర్వాత, చెవి ఉన్నంత మాత్రాన విద్య అయిపోదప్పా, శ్రుతి తల్లి, ఆ తల్లిని తీసుకుపోయి కరెంటు తీగకు కడతావా అని అడిగాడు.

"తల్లి యాడున్యా తల్లే గదా సామీ" అన్నాడు ఆయన.

మా అన్న నా వైపు తిరిగాడు. పాడమనే అన్నాడు. బస్సెక్కుతుంటే నన్ను పక్కకు పిలిచి, యంత్రం తప్పినా నువ్వు తప్పగూడదు, నేను వచ్చి ముందర వరసలోనే కూర్చుంటా అన్నాడు. ఆ మాటకు, ముప్పై ఏళ్ల మనిషినైనా నాకు నెత్తి మీద మొట్టికాయ పడినట్టే అనిపించింది.

పులివెందులలో దిగేసరికి మధ్యాహ్నం. బడి వెనక నుంచి దబదబమని చప్పుడు వినపడగానే ఆయన ముఖం మారిపోయింది. కరెంటు ఉందని రాసిన హెడ్మాస్టరు, బడికి ఇంకా తీగ లాగలేదనీ, ఆయిలింజను, డైనమో తెప్పించాననీ గొప్పగా చెప్పాడు. ఆయన పరుగున పోయి ఇంజను పక్కన కూర్చున్నాడు. పల్లెల్లో పెళ్లిళ్లకు ఎన్నిసార్లు ఇంజను మీద సెట్టు నడిపాడో. అప్పుడు సద్దు ఏ శ్రుతిలో ఉంటే ఎవరికి కావాలి? ఈ పాట మాత్రం ప్రొద్దుటూరు కరెంటుకు పుట్టిన పాట. ఇంజను నెమ్మదిస్తే డైనమో నెమ్మదిస్తుంది, డైనమో నెమ్మదిస్తే పెట్టె సద్దు కిందికి జారుతుంది, టేపు తిరిగే వేగమూ తగ్గి అందులో ఉన్నదంతా కిందికి జారుతుంది. బయలుదేరే ముందు అక్కడ కరెంటు ఎలాంటిదని ఒక్క మాట అడగలేదని నెత్తి కొట్టుకున్నాడు.

నా తంబూరా తెమ్మన్నాడు. నేను మీటుతుంటే, ఇంజను డ్రైవరును బతిమాలి వేగం మరను కొంచెం కొంచెం తిప్పించి, పెట్టె సద్దు నా తంబూరాతో కలిసేదాకా తెచ్చాడు. గంట పట్టింది. చొక్కా తడిసి ఒంటికి అంటుకుపోయింది. తర్వాత హెడ్మాస్టరు దగ్గరికి పోయి, మా పాట అయ్యేదాకా దీపాలు వేయొద్దు సార్, బల్బులన్నీ ఒక్కసారి వేస్తే ఇంజను గస పెడతాది అని రెండు చేతులూ జోడించాడు. పొద్దుండగానే అయిపోతుంది లేవయ్యా అన్నాడు హెడ్మాస్టరు.

అతిథి కారు ఆలస్యంగా వచ్చింది. పూలదండలు, ఉపన్యాసాలు, బహుమతులు. ఆయన వేదిక పక్కన పెట్టె ముందు కూర్చుని పడమటికే చూస్తున్నాడు. నేను నా పాటలు రెండూ పాడేసరికి ఎండ గోడల మీదికి ఎక్కిపోయింది. రేడియో ఆఫీసరు తల ఊపాడు. ముందు వరసలో మా అన్న కళ్లు మూసుకుని కూర్చున్నాడు. పెట్టె మీట వేయబోతూ ఆయన నా దగ్గరికి వచ్చి వంగి, గొంతు తగ్గించి చెప్పాడు.

"ఒకేళ ఇంజను జారితే టేపులో మీ గొంతు గూడా జారతాది. నేను చెయ్యి దించుతా. చెయ్యి ఎంత దిగితే మీరూ అంత దిగండి. అందరం కలిసి దిగితే అదీ పాటే అయితాది టీచరమ్మా."

సరేనన్నాను. నిజంగానే అన్నాను.

పాట మొదలైంది. సద్దు పరుచుకుంది. గంటలు వచ్చాయి. గుసగుసలాడుతున్న జనం ఆగిపోయారు. రేడియో ఆఫీసరు కుర్చీలో ముందుకు జరిగి, గడ్డం కింద చెయ్యి పెట్టుకున్నాడు. అది నేను చూశాను, ఆయనా చూశాడు. మిల్లు చప్పుడు దాటి నా బావి గొంతు లేచింది, నేను అందుకున్నాను. నా గొంతూ నా గొంతూ కలిసి ఒకటైపోయిన ఆ రెండు మూడు నిమిషాలు నేను పుట్టి పెరిగి నేర్చిన సంగీతంలో ఎక్కడా లేవు. ఇంకో నాలుగు నిమిషాలు ఉంటే చాలు.

పొద్దు గుంకింది. సందె వేళ సభలో దీపం లేకుండా ఎలా అని ఎవరికి తోచిందో, డ్రైవరుకు ఎవరు సైగ చేశారో తెలియదు. పందిట్లో బల్బులన్నీ ఒక్కసారి వెలిగాయి. సందె దీపం వెలగగానే దండం పెట్టడం మన అలవాటు కదా, అది నూనె దీపమైనా కరెంటు బల్బైనా. సభ మొత్తం, ముందు వరస నుంచి గోడల మీద కూర్చున్న వాళ్లదాకా, చేతులెత్తి బల్బులకు నమస్కారం పెట్టింది. మా అన్న కూడా కళ్లు తెరిచి పెట్టాడు. వెనక ఇంజను మూలిగింది.

సద్దు జారింది. గంటలు జారాయి. బావిలోంచి వస్తున్న నా గొంతు నా కాళ్ల కిందికి కుంగిపోవడం మొదలుపెట్టింది. ఆయన నా వైపు తిరిగి, చెయ్యి భుజమెత్తున పట్టి, ఇంజను ఎంత జారుతోందో అంతే నెమ్మదిగా, అరచేయి చాపి కిందికి దించసాగాడు. ఆయన కళ్లు నా మీదే ఉన్నాయి. నేను దిగగలను. ఎంత దిగాలో నా చెవికి తెలుసు, గొంతుకు తెలుసు. దిగితే, మా అన్నకూ ఆ ఆఫీసరుకూ వినపడేది ఒకటే, నేను శ్రుతి జారానని. నేను దిగలేదు. ఎత్తుకున్న చోటే మేకు కొట్టినట్టు నిలబడి పాడాను. కింద ఆయన కట్టిందంతా కుంగుతూ నా గొంతుతో కలుక్కుమంటూ ఉంటే, జనం ముఖాలు చిట్లించారు, పిల్లలు నవ్వారు. ఆయన చెయ్యి ఒడి దాకా దిగి అక్కడే ఉండిపోయింది.

పాట అయ్యాక రేడియో ఆఫీసరు వేదిక ఎక్కాడు. యంత్రం ఎంత జారినా ఈ అమ్మాయి వెంట్రుక వాసి జారలేదండీ, శ్రుతి శుద్ధి అంటే అదీ అని హెడ్మాస్టరుతో అన్నాడు. ఆ తర్వాత పెట్టె పక్కన నిలబడి ఉన్న మనిషి వైపు తిరిగాడు.

"చూడు బాబూ, ఇది సంగీతం కాదు, శబ్దం. నీకు మైకు పని బాగా వచ్చు, అది చూసుకో."

సరే సార్ అన్నాడు ఆయన. ఇంజను సంగతి చెప్పుకోలేదు, దీపాల మాట ఎత్తలేదు. నేనైనా చెప్పొచ్చు. తప్పు యంత్రానిది కాదు, నాది అని ఒక్క మాట. మా అన్న ముఖం వెలిగిపోతోంది. నాకు సంతోషమేసింది. ఇది రాయకపోతే ఇదంతా రాయడం దండగ. చేసిన తప్పు తెలుస్తూనే ఉంది, సంతోషమూ వేసింది.

ఆయన తను అన్న మాట మీదే నిలబడ్డాడు. ఆ తర్వాత ఆయన సెట్టు పెళ్లిళ్లలో ఒక్క కూత కూడా పెట్టలేదు. మైకాయప్పకు ఇన్నాళ్లకు పని బాగా వచ్చిందని జనం మెచ్చుకున్నారు. మా అరుగు మీదికి రావడం తగ్గింది. నేనూ పిలవలేదు. పిలిస్తే పులివెందుల మాట వస్తుందని భయం.

నాకు రేడియో నుంచి ఉత్తరం వచ్చింది. పోయి పాడి వచ్చాను. అది ప్రసారమైన మర్నాటి పొద్దున ఆయన వాకిట్లో సైకిలు దిగాడు. కాగితంలో చుట్టిన టేపు నా చేతికిచ్చాడు. రేడియో ముందు మైకు పెట్టి నా పాట మొత్తం పట్టాననీ, శానా బాగొచ్చిందనీ, ఉంచుకోండనీ అన్నాడు. ఆ చుట్ట చూడగానే గుర్తుపట్టాను. దాని మీద ముందున్నదేమైందని అడిగాను.

"ఉండేది ఒకటే టేపు గదా టీచరమ్మా. చెరిపేసినా. ఏముండాది దాంట్లో, సద్దే గదా."

కూర్చోమన్నాను, కూర్చోలేదు. సైకిలు హ్యాండిలు పట్టుకుని, నేల చూస్తూ అడిగాడు.

"ఒక మాట అడుగుతా, ఏమనుకోగాకండి. ఆ పొద్దు పులివెందల్లో నా చెయ్యి మీకు కనపడిందా?"

ఆ మనిషికి ఏం కావాలో నాకు తెలుసు. తను కట్టింది మనిషి గొంతుకు అందేదేనా, కాదా? అది ఒక్కటే. నేను అవునంటే అందుతుందని తెలిసేది, గొర్రెలమ్మి మరీ నమ్ముకున్న ఆ చెవి వట్టిది కాదని తెలిసేది. దాంతో పాటు నేనేం చేశానో కూడా తెలిసేది. టేపు నా చేతిలోనే ఉంది.

"లేదప్పా, కనపడలేదు" అన్నాను.

ఆయన పెద్దగా ఊపిరి వదిలాడు.

"నేనూ అదే అనుకున్యా. అందరూ దీపానికి దండం పెడతాండ్రి గదా. అన్ని చేతుల్లో నా చెయ్యి యాడ కనపడతాది? కనపడింటే మీరు దిగకుండా ఉంటారా" అని, తప్పంతా తనదేనని, ఒక దీపమైనా తన పక్కన పెట్టుకోవాల్సిందని సర్దిచెప్పుకుంటూ సైకిలెక్కి పోయాడు. నేను వెనక్కి పిలవలేదు. ఆ తర్వాత ఎన్నో ఏళ్లు అదే ఊళ్లో ఉన్నాం, ఎన్నోసార్లు ఎదురుపడ్డాం, పిలవలేదు.

ఆ సందె వేళ అందరి చేతులూ పైకి లేచాయి. కిందికి దిగింది ఆయన చెయ్యి ఒక్కటే. అది కనపడకపోవడానికి నేను గుడ్డిదాన్ని కాను.